ల్యాప్‌టాప్ మనదే.. లైసెన్స్ ఎవరిది?

కువైట్‌లో శుక్రవారమంటే మనవాళ్లకు ఇంట్లో బిర్యానీ, ఇండియాకు ఫోన్లు, సాయంత్రం ఎవరో ఒకరింట్లో నలుగురు కలవడం. వీటితోపాటు నాకు ఇంకొకటి ఉంటుంది. ల్యాప్‌టాప్ సంచి భుజాన వేసుకుని ఎవరో ఒకరు తలుపు తడతారు. సాఫ్ట్‌వేర్ ఇంజనీర్ అంటే కంప్యూటర్ డాక్టరేనన్న నమ్మకం మంగాఫ్ నుంచి సాల్మియా దాకా ఒక్కటే. వైరస్, ప్రింటర్, వైఫై సంగతులు అటుంచితే, ఎక్కువగా వచ్చేది ఒకే ఫిర్యాదు. ‘అన్నా, కింద మూలన యాక్టివేట్ విండోస్ అని వస్తోంది. ఏం నొక్కాలి?’

నొక్కడానికి ఏమీ లేదు. అది ‘ఈ మెషీన్‌కు లైసెన్స్ ఉందని నాకు తెలియడం లేదు’ అని విండోస్ చెప్పే మాట. వైరస్ కాదు. ఫైళ్లు పోవు, ఫొటోలు చెరిగిపోవు. వాల్‌పేపర్ మార్చుకోనివ్వదు, రంగులు మార్చనివ్వదు, మూలన ఆ రాత వదలదు, అంతే. అందుకే కంగారుపడి ఆ రాత్రే గూగుల్‌లో దొరికిన ఏదో ‘యాక్టివేటర్’ దించుకోవద్దు. అసలు నష్టం చాలాసార్లు అక్కడే మొదలవుతుంది.

నా వయసువాళ్లకు ఈ కీల చరిత్ర కొంత అనుభవమే. సికింద్రాబాద్ చెనాయ్ ట్రేడ్ సెంటర్‌లో, మనందరి సీటీసీలో, కంప్యూటర్ అసెంబుల్ చేయించుకుంటే విండోస్ సీడీ ఊరికే చేతిలో పెట్టేవారు. దాని మీదే మార్కర్‌తో కీ రాసి ఉండేది. విండోస్ 95 రోజుల్లో ఆ కీకి పెద్ద అర్థం కూడా ఉండేది కాదు. సీడీ కీలోని చివరి ఏడు అంకెలు కూడితే వచ్చే మొత్తం ఏడుతో భాగిస్తే శేషం లేకుండా పోవాలి, అదీ పరీక్ష. ఏడు ఒకట్లు కొట్టినా చాలు, లోపలికి రానిచ్చేది. కీ నిజమా కాదా అని తయారుచేసినవాణ్ని అడిగే దారే లేదు. తాళం తానే చూసుకుని తానే తెరుచుకునేది.

2001లో విండోస్ ఎక్స్‌పీతో లెక్క మారింది. కీ కొట్టడంతో పని అయిపోలేదు. 30 రోజుల్లోగా మైక్రోసాఫ్ట్ సర్వర్‌తో మాట్లాడి ‘ఈ కీ ఈ మెషీన్‌ది’ అని నమోదు చేయించుకోవాలి. దాన్నే యాక్టివేషన్ అంటాం. నెట్ లేనివాళ్లు ఫోన్ చేసి 50 అంకెలు చదివి వినిపిస్తే, అటువైపు నుంచి 42 అంకెలు చెప్పేవారు. అవి తప్పు లేకుండా రాసుకోవడం ఒక పరీక్ష. పెద్ద కంపెనీలకు మాత్రం ఈ తతంగం లేని కీలు ఇచ్చారు. వాటిలో ఒకటి బయటకు పొక్కింది. ‘ఎఫ్ సీ కే జీ డబ్ల్యూ’తో మొదలయ్యే ఆ కీ ప్రపంచమంతా తిరిగింది. 2002లో వచ్చిన మొదటి సర్వీస్ ప్యాక్‌తో దానికి అడ్డుకట్ట వేశారు.

ఇప్పటి కీ ఐదేసి అక్షరాల ఐదు గుంపులు, మొత్తం 25. ఇక్కడ ఒక చిన్న సంగతి తెలిస్తే సగం ఫోన్లు తగ్గుతాయి. ఈ కీలలో ఏ, ఈ, ఐ, ఓ, యూ అనే అచ్చులు ఉండవు. సున్నా, ఒకటి, ఐదు అంకెలు ఉండవు. ఎల్, ఎస్, జెడ్ అక్షరాలూ ఉండవు. ఒకదానికొకటి పొరపడే అవకాశం ఉన్నవాటిని కావాలనే తీసేశారు. కాబట్టి అరిగిపోయిన స్టిక్కర్ మీద ‘సున్నానా, ఓనా’ అని తలపట్టుకోనక్కర్లేదు. రెండూ కాదు, అది డీ గానీ క్యూ గానీ అయ్యుంటుంది. ‘ఐదా, ఎస్సా’ అనిపిస్తే అది బహుశా ఆరు. ఒకటిలా కనిపించేది ఏడు కావచ్చు.

ఇక అసలు విషయానికి వద్దాం. లైసెన్సుల్లో రకాలున్నాయి. మన కువైట్ వాళ్లకు వీటిని వీసాలతో పోల్చి చెబితే వెంటనే పట్టేస్తారు. కొత్త ల్యాప్‌టాప్‌తో పాటు వచ్చేది ఓఈఎం లైసెన్స్. ఇది ఇంటి పని వీసా లాంటిది, ఆర్టికల్ 20 అనుకోండి. ఏ కఫీల్ పేరు మీద వచ్చిందో ఆ ఇంటికే. ఇక్కడ కఫీల్ మదర్‌బోర్డు. అది ఉన్నంతకాలం లైసెన్స్ ఉంటుంది, వేరే మెషీన్‌కు మార్చుకుందామంటే కుదరదు. విడిగా పెట్టెలోనో, మైక్రోసాఫ్ట్ స్టోర్‌లోనో డబ్బు పెట్టి కొన్నది రిటైల్ లైసెన్స్. ఇది ఆర్టికల్ 18లా, పాతచోట రిలీజ్ తీసుకుని కొత్తచోట చేరొచ్చు. ఒకేసారి రెండుచోట్ల మాత్రం కాదు. మూడోది వాల్యూమ్ లైసెన్స్. కంపెనీ తన ఉద్యోగుల మెషీన్లకు గుత్తగా తీసుకునేది. అందులో కేఎంఎస్ అనే పద్ధతిలో కంపెనీ లోపలే ఒక సర్వర్ ఉంటుంది. కనీసం 25 కంప్యూటర్లు దాన్ని అడిగితేనే అది పనిచేయడం మొదలుపెడుతుంది. ఒక్కో కంప్యూటర్‌కు 180 రోజుల అకామా కొడుతుంది. కంప్యూటర్ ఏడు రోజులకోసారి వెళ్లి దాన్ని రెన్యువల్ చేయించుకుంటూ ఉంటుంది. కంపెనీ నెట్‌వర్క్ వదిలి బయటకొస్తే ఆ 180 రోజులూ గడిచాక అకామా అయిపోయినట్టే.

ఇది ఎందుకింత వివరంగా చెబుతున్నానంటే, దీని దెబ్బ తగిలేది ఎక్కువగా లెక్కపెట్టుకుని డబ్బు ఖర్చుపెట్టేవాళ్లకే. రాయచోటి దగ్గరి అక్క ఒకామె ఇక్కడ కువైటీల ఇంట్లో పనిచేస్తారు. కూతురు కడపలో బీటెక్ చదువుతోంది. పాపకు ల్యాప్‌టాప్ కావాలని నెలనెలా పక్కన పెట్టి, 48 దీనార్లతో హవల్లీలో వాడిన ల్యాప్‌టాప్ ఒకటి కొన్నారు. సెలవుకు వెళ్తూ తీసుకెళ్లి ఇచ్చారు. కొన్నప్పుడు ‘ఒరిజినల్ విండోస్, ఒరిజినల్ ఆఫీస్’ అన్నారట. ఆరు నెలలు బ్రహ్మాండంగా నడిచింది. తర్వాత ఒకరోజు ఫోన్.

‘అన్నా, పాపకు ఇచ్చిన లాప్‌టాప్ చెడిపాయ. స్క్రీనంతా నల్లగా అయి ఏందో ఇంగ్లీషులో అడుగుతాండాదంట. పరీక్షలు దగ్గరికొచ్చినాయి, ఒకటే ఏడుపు. ఆడ అంగట్లో చూపిస్తే నాలుగున్నర వేలు అయితాది అంటాండారు.’

నాలుగున్నర వేలంటే ఇక్కడ ఆమెకు పద్నాలుగు, పదిహేను దీనార్లు. ‘ఆగక్కా, డబ్బు కట్టొద్దని చెప్పు’ అని పాపకు వీడియో కాల్ చేశాను. విండోస్ బొమ్మ ఉన్న బటన్, ఆర్ బటన్ కలిపి నొక్కమన్నాను. వచ్చిన చిన్న పెట్టెలో ఎస్, ఎల్, ఎం, జీ, ఆర్ అని కొట్టి, ఒక ఖాళీ వదిలి, ముందుకు వాలిన గీత, దాని పక్కనే డీ, ఎల్, ఐ. ఎంటర్. కొద్ది సెకన్లలో ఒక పెట్టె తెరుచుకుంటుంది. అందులో రెండో వరుసలో ఓఈఎం అని గానీ, రిటైల్ అని గానీ, వాల్యూమ్ అని గానీ ఉంటుంది. పాప చదివింది. ‘వాల్యూమ్, కేఎంఎస్ క్లయింట్ అని ఉంది మామా. పైన ఎంటర్‌ప్రైజ్ అని ఉంది.’

కథ అర్థమైపోయింది. ఎంటర్‌ప్రైజ్ అనే రకాన్ని మైక్రోసాఫ్ట్ సంస్థలకు ఇస్తుంది, మనలాంటివాళ్లకు విడిగా దుకాణంలో అమ్మదు. దుకాణంలో ఎవరో హార్డ్‌డిస్క్ తుడిచేసి, చేతిలో ఉన్న ఎంటర్‌ప్రైజ్ కాపీ ఎక్కించి, ఏదో యాక్టివేటర్‌తో 180 రోజుల ముద్ర కొట్టి ఇచ్చారు. అమ్మిన రోజు చూస్తే అంతా సవ్యంగానే కనబడుతుంది. గడువు తీరేసరికి మెషీన్ సముద్రం దాటి ఉంటుంది.

ఇందులో మంచి వార్త కూడా ఉంది. 2012లో విండోస్ 8 వచ్చినప్పటి నుంచి పెద్ద కంపెనీల ల్యాప్‌టాప్‌లలో అసలు కీని అడుగున స్టిక్కర్ మీద వేయడం మానేసి, మదర్‌బోర్డులోని చిప్‌లోనే రాసి పంపుతున్నారు. హార్డ్‌డిస్క్ ఎన్నిసార్లు తుడిచినా అది పోదు. అక్క కొన్నది ఆఫీసులకు అమ్మే మోడల్, దానిలో విండోస్ ప్రో కీ ఉంటుందని నా అంచనా. పాప తన ఫైళ్లన్నీ ముందు గూగుల్ డ్రైవ్‌లో పెట్టుకుంది. స్నేహితురాలి కంప్యూటర్‌లో మైక్రోసాఫ్ట్ సైట్ నుంచి ఇన్‌స్టాల్ సాధనం దించి, 8 జీబీ పెన్‌డ్రైవ్‌లోకి ఎక్కించింది. మొత్తం నాలుగైదు జీబీల డౌన్‌లోడ్. పెన్‌డ్రైవ్‌తో మొదలుపెట్టి, పాతదంతా తీసేసి కొత్తగా ఎక్కించింది. కీ అడగనే లేదు. తానే ప్రో అని ఎంచుకుంది. ఫోన్ హాట్‌స్పాట్ ఇవ్వగానే సెట్టింగ్స్‌లో ‘యాక్టివేటెడ్’ అని వచ్చేసింది. ఖర్చు పెన్‌డ్రైవ్ ఖరీదు. నాలుగున్నర వేలు తీసుకుని ఆ అంగట్లో ఏం చేసేవారో నాకు తెలియదు గానీ, చాలామటుకు ఇంకో 180 రోజులే ఇచ్చేవారు.

కాబట్టి వాడిన ల్యాప్‌టాప్ కొనేటప్పుడు, డబ్బు చేతికి ఇవ్వకముందే, దుకాణంలోనే ఆ డీఎల్ఐ పరీక్ష చేయండి. ఓఈఎం అని ఉంటే నిశ్చింత. వాల్యూమ్ అని ఉంటే ‘అసలు విండోస్ వేసి ఇవ్వు’ అని అడగండి. ఇబ్న్ ఖల్దూన్ వీధిలో అన్ని కొట్లూ ఒకేలా ఉండవు. నిజాయితీగా పది నిమిషాల్లో సరిచేసి ఇచ్చేవాళ్లూ ఉన్నారు.

యాక్టివేషన్ జరగనప్పుడు వచ్చే ఎర్రర్ కోడ్‌లు చూసి చాలామంది బెదిరిపోతారు. పొడవాటి కోడ్‌లో చివరి నాలుగు అక్షరాలే చూడండి చాలు. సీ008 అని ముగిస్తే ఆ కీని ఇప్పటికే అనుమతికి మించి వాడేశారు. సీ003 అంటే మైక్రోసాఫ్ట్ ఆ కీని నిలిపేసింది. ఎఫ్050 అంటే కీ తప్పుగా కొట్టారు, లేదా హోమ్ కీని వేరే రకం విండోస్‌లో వాడుతున్నారు. ఎఫ్074 వస్తే మీ కంప్యూటర్ ఏదో కంపెనీ కేఎంఎస్ సర్వర్ కోసం వెతుకుతోంది, దొరకడం లేదు. ఆఫీసు ల్యాప్‌టాప్ అయితే వీపీఎన్ పెట్టి మళ్లీ ప్రయత్నించండి. సొంతదైతే పైన చెప్పిన కథే. 7001 అంటే ఈ మెషీన్‌కు లైసెన్సే కనబడలేదు. ఎఫ్211 అంటే హార్డ్‌వేర్ మారిపోయింది.

ఈ చివరిది కాస్త విడమర్చాలి. మదర్‌బోర్డు మార్చిస్తే విండోస్ దాన్ని కొత్త మెషీన్‌గానే చూస్తుంది. 2016 ఆగస్టులో వచ్చిన అప్‌డేట్ నుంచి మన లైసెన్స్‌ను మైక్రోసాఫ్ట్ ఖాతాతో ముడివేసుకునే వీలుంది. రిపేరుకు ఇవ్వకముందే ఆ ఖాతాతో సైన్ ఇన్ అయి ఉంటే, తర్వాత యాక్టివేషన్ పేజీలో ట్రబుల్‌షూట్ నొక్కి ‘ఈమధ్యే హార్డ్‌వేర్ మార్చాను’ అన్నది ఎంచుకోవచ్చు. బోర్డు పోయాక ఖాతా తెరిస్తే లాభం లేదు.

ఎర్రర్ వస్తే మరేదీ ముట్టుకోకముందు గడియారం చూడండి. మన ఎండలకో, ఏళ్ల తరబడి మూలన పడేయడం వల్లో లోపలి చిన్న బ్యాటరీ చచ్చిపోయి, ఆన్ చేయగానే తేదీ ఏ 2009కో వెళ్లిపోయిన పాత కంప్యూటర్లు ఎన్ని చూశానో. తేదీ తప్పుంటే సర్వర్ ఆ సంభాషణనే నమ్మదు, యాక్టివేషన్ జరగదు. ఇండియా నుంచి తెచ్చిన ల్యాప్‌టాప్‌లో టైమ్ జోన్ మార్చకుండా గడియారాన్ని చేత్తో రెండున్నర గంటలు వెనక్కి తిప్పేవాళ్లు ఉంటారు. అలా కాదు, జోన్‌నే కువైట్‌కు మార్చాలి.

‘మరి నెట్‌లో రెండు మూడు దీనార్లకే కీ దొరుకుతోంది కదా’ అని అడుగుతారు. ఆ చవక వెనక కొన్ని దారులున్నాయి. యూరప్‌లో 2012 జూలై 3న అక్కడి అత్యున్నత న్యాయస్థానం, యూజ్డ్‌సాఫ్ట్ అనే జర్మన్ సంస్థకూ ఒరాకిల్‌కూ మధ్య కేసులో, శాశ్వతంగా కొన్న సాఫ్ట్‌వేర్ లైసెన్స్‌ను మళ్లీ అమ్ముకోవచ్చని తీర్పిచ్చింది. పాత లైసెన్సుల వ్యాపారానికి అక్కడ అది ఊతమిచ్చింది. అయితే అదే తీర్పు, గుత్తగా కొన్న లైసెన్స్‌ను ముక్కలు చేసి కొంత అమ్మడం కుదరదనీ చెప్పింది. మనకు వాట్సాప్‌లో వచ్చే కీలు చాలామటుకు అలాంటి ముక్కలే. ఒక కంపెనీకి ఇచ్చిన కీని వందలమందికి అమ్ముతారు. ఈరోజు పనిచేస్తుంది. కంపెనీయో మైక్రోసాఫ్టో గమనించిన రోజు సీ003 అని వస్తుంది. అమ్మినవాడి నంబర్ అప్పటికి మారిపోయి ఉంటుంది.

యాక్టివేటర్లు దీనికన్నా ప్రమాదం. కేఎంఎస్‌పికో అనే పేరు మీలో చాలామంది వినే ఉంటారు. అది నడవాలంటే యాంటీవైరస్ ఆపేయమని అదే చెబుతుంది. ఇంటి తలుపు తీసిపెట్టి దొంగను పిలవడమే. రెడ్ కానరీ అనే భద్రతా సంస్థ 2021 డిసెంబర్‌లో వెల్లడించిన ప్రకారం, ఆ పేరుతో తిరుగుతున్న ఇన్‌స్టాలర్లలో క్రిప్ట్‌బాట్ అనే దొంగ ప్రోగ్రామ్ దొరికింది. బ్రౌజర్‌లో దాచుకున్న పాస్‌వర్డ్‌లు, క్రిప్టో వాలెట్లు ఎత్తుకుపోవడం దాని పని. ఆ ల్యాప్‌టాప్‌లోనే మనం ఎన్‌ఆర్‌ఈ ఖాతా తెరుస్తాం, ఇంటికి డబ్బు పంపుతాం. సివిల్ ఐడీ, పాస్‌పోర్టు స్కాన్లు కూడా డెస్క్‌టాప్ మీదే పడి ఉంటాయి.

చట్టం మాటా ఒకటుంది. కువైట్‌లో కంప్యూటర్ ప్రోగ్రాములకూ కాపీరైట్ రక్షణ ఉంది, దీనిపై 2019లో 75వ నంబరు చట్టం చేశారు. మన దేశంలో 1957 కాపీరైట్ చట్టంలోని 63బీ సెక్షన్, దొంగ కాపీ అని తెలిసి కంప్యూటర్‌లో వాడితే ఏడు రోజుల నుంచి మూడేళ్ల దాకా జైలు, యాభై వేల నుంచి రెండు లక్షల దాకా జరిమానా అంటుంది. వ్యాపారం కోసం కాకపోతే కోర్టు జైలు లేకుండా విడిచిపెట్టే వీలూ అందులోనే ఉంది. ఇంట్లో పిల్లల ల్యాప్‌టాప్ కోసం పోలీసులు వస్తారని నేను అనను. కానీ ఇక్కడ చిన్న టైపింగ్ సెంటరో, ఫొటో స్టూడియోనో నడిపేవాళ్లు మాత్రం జాగ్రత్తగా ఉండాలి.

విండోస్ తర్వాత గొడవ ఆఫీస్‌తో. ఇక్కడ చిక్కు కీతో కాదు, ఖాతాతో. ఆఫీస్ కీని సైట్‌లో ఒక్కసారి కొట్టగానే అది ఆ సమయంలో తెరిచి ఉన్న మైక్రోసాఫ్ట్ ఖాతాకు అతుక్కుపోతుంది. ఆ తర్వాత కీ ఉత్త కాగితం, ఖాతాయే లైసెన్స్. మనం తొందరలో ఉంటాం. దుకాణంలో కుర్రాడు ‘నేనే చేసిస్తా సార్’ అని తనకు తోచిన పేరుతో ఒక ఈమెయిల్ తెరిచి పని కానిచ్చేస్తాడు. రెండేళ్లకు ఫార్మాట్ చేయాల్సివస్తే ఆ ఈమెయిల్ ఏంటో ఎవరికీ గుర్తుండదు, ఆ కుర్రాడు ఊరెళ్లిపోయి ఉంటాడు. డబ్బు పెట్టి కొన్న ఆఫీస్ అలా గాలిలో కలిసిపోవడం నేను పలుమార్లు చూశాను. మీ ఈమెయిల్, మీ ఫోన్ నంబర్‌తో మీ ముందే చేయించండి.

బడి ఖాతాల సంగతి ఇంకోటి. ఇక్కడి చాలా ఇండియన్ స్కూళ్లు 2020 కొవిడ్ ఆన్‌లైన్ క్లాసుల నాటి నుంచి పిల్లలకు ఈమెయిల్ ఇస్తున్నాయి, కొన్నింటిలో దాంతోపాటు ఆఫీస్ కూడా వస్తుంది. అది బడిలో ఉన్నంతవరకే. పన్నెండు పూర్తయి పిల్లలు ఇండియాలో ఇంజనీరింగ్‌కు వెళ్లాక బడి ఆ ఖాతాను మూసేస్తే ఆఫీస్ ఆగుతుంది. దానికన్నా ముఖ్యం, వన్‌డ్రైవ్‌లో పెట్టుకున్న ప్రాజెక్టులు, సర్టిఫికెట్ల స్కాన్లు కూడా అందుబాటులో లేకుండా పోతాయి. బోర్డు పరీక్షలు అయిన వారంలోనే అన్నీ సొంత ఖాతాలోకి మార్చుకోమని పిల్లలకు చెప్పండి. కాలేజీలో చేరాక ఆ కాలేజీ ఇచ్చే ఖాతాతో మళ్లీ ఉచితంగా రావచ్చు.

ఊరి నుంచి వస్తూ చవకని యాంటీవైరస్ పెట్టెలు తెచ్చుకునేవాళ్లకు ఒక మాట. వీటిలో కొన్ని ప్రాంతాన్ని బట్టి పనిచేస్తాయి. ఇండియాలో అమ్మిన కోడ్‌ను మొదటిసారి ఇండియాలోనే యాక్టివేట్ చేయాలనే నిబంధన ఉండొచ్చు. పెట్టె మీద సన్న అక్షరాలు చదివి, విమానం ఎక్కకముందే యాక్టివేట్ చేసుకోవడం మేలు. నిజానికి ఇంటి వాడకానికి విండోస్‌తో వచ్చే డిఫెండర్ సరిపోతుందని నా అభిప్రాయం.

ఇప్పుడు వాడిన ల్యాప్‌టాప్ కొనేవాళ్లు ఇంకొకటి చూడాలి. విండోస్ 10కు మైక్రోసాఫ్ట్ మద్దతు 2025 అక్టోబర్ 14తో ముగిసింది. ఇంటి కంప్యూటర్లకు 2026 అక్టోబర్ 13 వరకు అదనపు భద్రతా అప్‌డేట్‌లు తీసుకునే ఏర్పాటు పెట్టారు. 30 డాలర్లు కట్టొచ్చు, లేదా సెట్టింగ్స్‌ను మైక్రోసాఫ్ట్ ఖాతాలోకి బ్యాకప్ చేసుకుంటే ఉచితం. విండోస్ 10 సరైన లైసెన్స్ ఉంటే విండోస్ 11కు మళ్లీ కొననక్కర్లేదు, అదే చెల్లుతుంది. కాకపోతే మెషీన్ దానికి తగినది కావాలి. ఇంటెల్ అయితే దాదాపుగా ఎనిమిదో తరం, ఆ పైన. హవల్లీలో నలభై దీనార్లకు దొరికే వాటిలో ఆరో తరం, ఏడో తరంవి కూడా ఉంటాయి, అడిగి చూసుకోండి.

ఆఫీస్ కొనే స్తోమత లేకపోతే దొంగ కాపీయే గతి అనుకోనక్కర్లేదు. లిబ్రే ఆఫీస్ ఉచితం, కీ అడగదు, వర్డ్ ఫైళ్లు తెరుస్తుంది. మన సంఘాల ఉగాది ఆహ్వానాలకు, సావనీర్లకు ఇంకా ఎవరో ఇచ్చిన అను స్క్రిప్ట్ కాపీ మీదే ఆధారపడేవాళ్లు ఉన్నారు. కంప్యూటర్ మారిన ప్రతిసారీ అది మొండికేస్తుంది. యూనికోడ్‌లో రామభద్ర, సూరన్న, మల్లన్న, ధూర్జటి, గిడుగు వంటి తెలుగు ఫాంట్లు గూగుల్ ఫాంట్స్‌లో ఉచితంగా ఉన్నాయి. దించుకుని డబుల్ క్లిక్ చేసి ఇన్‌స్టాల్ నొక్కితే సరి. వాటితో టైప్ చేసిన ఆహ్వానాన్ని వాట్సాప్‌లో పెడితే ఫాంట్ మాయమై గజిబిజి అక్షరాలు రావు. పాత అను ఫైళ్లను యూనికోడ్‌లోకి మార్చేందుకు ఉచిత కన్వర్టర్లు ఉన్నాయి, ఒత్తులు మాత్రం ఒకసారి సరిచూసుకోవాలి.